బావులు పూడ్చిన ఊరి ముంగిట

మూడో క్రూసేడ్ మాట ఎక్కడ వచ్చినా ఒక తీర్పు ముందే సిద్ధంగా ఉంటుంది. ఈజిప్టు, సిరియాలను ఏలిన సుల్తాను సలాదీన్ 1187లో గెలుచుకున్న జెరూసలేంని తిరిగి పట్టడానికి యూరప్ క్రైస్తవ రాజులు చేసిన దండయాత్ర అది. ఇంగ్లండ్ రాజు రిచర్డ్ జెరూసలేంకి 20 కిలోమీటర్ల దగ్గరి దాకా వెళ్లాడు. ఒకసారి కాదు, రెండుసార్లు. రెండుసార్లూ ముట్టడి వేయకుండానే వెనక్కి తిరిగాడు. గుండె చాలలేదని కొందరంటారు. ఇంటి దగ్గర తమ్ముడు జాన్ సింహాసనానికి ఎసరు పెడుతుంటే ఇక్కడ మనసు నిలవలేదని మరికొందరు. ఈమధ్య విన్న ఒక ఉపన్యాసంలో ఇదే తీర్పు మరీ ధీమాగా వచ్చింది: ఇంకొక్క రోజు నడిచి ఉంటే నగరం చేతికి వచ్చేదట.

నా అభ్యంతరం ఆ "ఒక్క రోజు నడక" దగ్గరే. ఆ నేల మీద వేసవిలో ఒక్క రోజు నడక అంటే ఏమిటో 1187 జులై 3న ఇంకో రాజు నడిచి చూపించాడు. మర్నాటికి ఆయనకు సైన్యం లేదు. మూడు నెలలకు రాజధాని లేదు.

1192 జనవరిలోనూ, జులైలోనూ వెనక్కి తిరగడమే ఆ దండయాత్ర మొత్తంలో రిచర్డ్ తీసుకున్న అతి సరైన నిర్ణయమని నేను అనుకుంటున్నాను. ఆ యుద్ధాల్లో భక్తి, శౌర్యం లేవని కాదు. రెండు పక్షాల్లోనూ నిండా ఉన్నాయి. రెండు పక్షాల్లోనూ నిండా ఉన్నాయి కాబట్టే గెలుపోటములు వాటితో తేలలేదు. నీళ్లు, దాణా, రేవుకి ఉన్న దూరం, వీటితో తేలాయి.

చేపలు తిని నిలబడ్డ దండు

ఈ సంగతి 1187తో కాకుండా 1183తో మొదలుపెట్టాలి. ఆ ఏడు సెప్టెంబరు చివర సలాదీన్ యొర్దాను నది దాటి బైసాన్‌ను తగలబెట్టాడు. జెరూసలేం రాజు బాల్డ్విన్ కుష్ఠువ్యాధితో మంచం పట్టి ఉండటంతో పాలన, సేనానాయకత్వం ఆయన బావ గై చేతిలో ఉన్నాయి. గై దగ్గర ఆ రాజ్యం ఏనాడూ చూడనంత పెద్ద దండు ఉంది: దాదాపు 1,300 మంది నైట్లు, అంటే కవచం తొడిగిన గుర్రపు యోధులు, 15,000 పైచిలుకు కాల్బలం. దాన్ని తీసుకెళ్లి ఐన్ జాలూత్ పరిసరాల్లోని ఊటల దగ్గర నిలబెట్టాడు. ఎదురుగా సలాదీన్. సుమారు వారం రోజులు చిన్న చిన్న కొట్లాటలే తప్ప అసలు యుద్ధం జరగలేదు.

ఓడరేవుల నుంచి హడావుడిగా వచ్చి చేరిన ఇటలీ నావికులు తిండి తెచ్చుకోలేదు. దండులో ఆకలి మొదలైంది. అప్పుడు ఆ ఊటల్లో అనుకోకుండా చేపలు విస్తారంగా దొరికాయని, అందరికీ సరిపోయాయని ఆ కాలపు చరిత్రకారుడు విలియం రాశాడు. ఆయన దాన్ని దైవకృపగా చెప్పాడు. నాకు అందులో కనిపించేది ఇంకొకటి: చేతికందే దూరంలో నీళ్లున్న సైన్యం ఆకలితో కూడా వారం నిలవగలదు. పరాయి నేల మీద మేత వెతుక్కుంటూ తిరిగే సైన్యం నిలవలేదు. సలాదీన్ దండుకీ రసదు తగ్గింది. ఆయన యొర్దాను దాటి వెళ్లిపోయాడు.

సైనికంగా చూస్తే ఇది గెలుపు. రాజ్యం నిలిచింది, దండు చెక్కుచెదరలేదు. కాని గై తిరిగొచ్చాక ఎవరూ అలా చూడలేదు. ఇంత సైన్యం ఉండీ శత్రువును చూస్తూ కూర్చున్నాడని నిందించారు. కొద్ది వారాల్లోనే బాల్డ్విన్ అతన్ని పాలన నుంచి తొలగించాడు. కదలకుండా కూర్చున్నందుకు ఒకసారి పదవి పోగొట్టుకున్న మనిషి రెండోసారి ఏం చేస్తాడో నాలుగేళ్ల తర్వాత తెలిసింది.

తూరాన్ ఊట దగ్గర చేసిన తప్పు

1187 జులై 2. అప్పటికి రాజైన గై తన దండుతో సఫ్ఫూరియా దగ్గర విడిది చేసి ఉన్నాడు. అక్కడ ఊటలు పుష్కలం. తూర్పున దాదాపు 25 కిలోమీటర్ల దూరంలో, గలిలయ సముద్రమనే మంచినీటి సరస్సు ఒడ్డున తిబేరియ పట్నాన్ని సలాదీన్ పట్టుకున్నాడు. కోటలో ట్రిపొలీ దొర రేమండ్ భార్య ఎషీవా చిక్కుకుంది. ఆ రేమండే మండలిలో లేచి, పట్నం నాది, భార్య నాది, అయినా వెళ్లొద్దు అన్నాడు. తిబేరియ పోయినా ఫరవాలేదు, రాజ్యం పోకూడదు అన్నాడు. అందరూ ఒప్పుకున్నారు. రాత్రి టెంప్లర్లనే సన్యాసి యోధుల సంఘానికి అధిపతి జెరార్డ్ ఒంటరిగా రాజు గుడారానికి వెళ్లాడు. రేమండ్ అంతకుముందు సలాదీన్‌తో సంధి చేసుకున్న ద్రోహి, వాడి మాట వింటావా అని అడిగాడు. తెల్లవారగానే దండు కదిలింది.

నడక లెక్క చూడండి. సఫ్ఫూరియా నుంచి తూరాన్ ఊట దాకా పదో పన్నెండో కిలోమీటర్లు. అక్కడ నీళ్లున్నాయి, అంత పెద్ద దండుకు సరిపడా లేకపోయినా కొన్ని ఉన్నాయి. అక్కడి నుంచి సరస్సు దాకా ఇంకో 15 కిలోమీటర్లు, మధ్యలో ఆధారపడదగ్గ నీరు లేదు. ఎవరూ అడ్డుకోకపోతే 25 కిలోమీటర్లు పొద్దున బయలుదేరిన మనిషి సాయంత్రానికి నడిచేస్తాడు. కాని చుట్టూ గుర్రపు విలుకాండ్రు బాణాలు వేస్తుంటే దండు ఆ వేగంతో నడవదు. వెనక పటాలం తిరగబడి తరిమినప్పుడల్లా ముందున్నవాళ్లు ఆగాలి. ఆగకపోతే వరుసలో ఖాళీ పడుతుంది, శత్రువు ఆ ఖాళీలోకి దూరతాడు. జులై ఎండలో ఇనుప వలకవచం కింద చెమట ధారగా పోతుంటుంది. మనిషి కన్నా ముందు గుర్రం అలిసిపోతుంది.

గై మధ్యాహ్నానికల్లా తూరాన్ చేరాడు. అక్కడే ఆగి ఉంటే రాత్రికి గుర్రాలకు కాసిన్ని నీళ్లైనా అందేవి, మర్నాడు వెనక్కి వెళ్లే దారి ఉండేది. ఆగలేదు. ఆయన తూరాన్ వదలగానే సలాదీన్ అన్న కొడుకు తకీయుద్దీన్, సేనాని గోక్‌బోరీ రెండు వైపుల నుంచీ చుట్టివచ్చి ఊటను, వెనక దారిని మూసేశారు. నీళ్లు వదిలి వెళ్లడమే గై చేసిన ఘోరమైన తప్పని, ఆ బుద్ధి అతనికి సైతాను పుట్టించిందని సలాదీన్ తర్వాత తన లేఖలో రాశాడు. గెలిచినవాడే యుద్ధం ఎక్కడ గెలిచాడో చెప్పాడు. ఇంతకన్నా సాక్ష్యం ఏం కావాలి?

సాయంత్రానికి దండు మస్కానా దగ్గర ఆగిపోయింది. ఆ రాత్రి వాళ్లకు చుక్క నీరు లేదు. అవతల సలాదీన్ ఒంటెలు సరస్సు నుంచి తోలు తిత్తుల్లో నీళ్లు మోస్తూనే ఉన్నాయి. బాణాలు 400 మోపులు సైనికులకు పంచారు. ఇంకో 70 ఒంటెల మీద బాణాల నిల్వ యుద్ధభూమిలోనే సిద్ధంగా ఉంచారు. పొద్దున సలాదీన్ తొందరపడలేదు. ఎండ బాగా ఎక్కేదాకా ఆగాడు. తర్వాత గాలివాటున ఎండుగడ్డికి నిప్పు పెట్టించాడు. దాహంతో ఉన్నవాళ్ల గొంతుల్లోకి పొగ.

కాల్బలం చెదిరి హత్తీన్ జంటకొండల మీదికి ఎక్కింది. దిగి రమ్మని రాజు కబురు పెట్టినా దిగలేదు. దాహంతో చచ్చిపోతున్నాం, పోరాడలేం అన్నారు. కాల్బలం అడ్డు లేని నైట్లకు గుర్రాలు మిగలవు. ఆ పోరులో చాలామంది నైట్ల కవచం బాణాన్ని ఆపింది, వాళ్ల కింది గుర్రాన్ని ఏదీ కాపాడలేదు. ఈ ఒక్క వాక్యం గుర్తుపెట్టుకుంటే 1191లో రిచర్డ్ చేసిన ప్రతి పనీ అర్థమవుతుంది.

కొండ మీద రాజు గుడారం ఇంకా నిలిచి ఉండగానే సలాదీన్ కొడుకు అఫ్దల్ "ఓడించాం" అని కేకవేశాడు. తండ్రి కసిరాడు: నోరు మూసుకో, ఆ గుడారం కూలేదాకా మనం ఓడించినట్టు కాదు. మాట పూర్తయ్యేలోపే గుడారం కూలింది. సలాదీన్ గుర్రం దిగి నేల మీద సాష్టాంగపడ్డాడు.

ఆ దండు కోసం కోటలన్నీ ఖాళీ చేశారు కాబట్టి ఆ తర్వాత అడ్డు చెప్పేవాడు లేడు. వారం తిరక్కుండా ఏకర్ రేవుపట్నం లొంగిపోయింది, అక్టోబరు 2న జెరూసలేం. ఫ్రాంకులకు, అంటే యూరప్ నుంచి వచ్చిన క్రైస్తవులకు, ఆ రాజ్యంలో చెప్పుకోదగ్గ పట్నాల్లో మిగిలింది టైర్ ఒక్కటే.

నడవడమే యుద్ధం

ఇప్పుడు 1191 ఆగస్టుకి రండి. రెండేళ్ల ముట్టడి తర్వాత జులై 12న ఏకర్ మళ్లీ ఫ్రాంకుల చేతికి వచ్చింది. ఫ్రాన్స్ రాజు ఫిలిప్ ఇంటికి ఓడెక్కాడు. రిచర్డ్ దక్షిణాన జాఫాకి బయలుదేరాడు. దూరం సుమారు 130 కిలోమీటర్లు. పట్టిన కాలం 19 రోజులు. సగటున రోజుకి 7 కిలోమీటర్లు కూడా లేదు. ఇది చూసి నత్తనడక అనుకునేవాళ్లున్నారు. గై ఒక్క రోజులో 25 నడవబోయాడు.

సముద్రం కుడిచేతి పక్క. ఒడ్డు వెంబడే ఓడలు బిస్కట్లు, పిండి, బార్లీ, ద్రాక్షసారాయి మోస్తూ దండుతో సమానంగా సాగాయి. భూమి మీద దండు మూడు పట్టీలుగా నడిచింది. భూమి వైపు పట్టీలో కాల్బలం: డాళ్లు, ఈటెలు, వాటి వెనక క్రాస్‌బో విల్లుకాండ్రు. మధ్య పట్టీలో నైట్లు, వాళ్ల గుర్రాలు. సముద్రం వైపు పట్టీలో సామాను, దానితోపాటు కాల్బలంలో రెండో సగం. ఎడమ పక్క బాణాలు తిన్న సగం అలిసిపోగానే సముద్రం వైపుకి మారుతుంది, అక్కడ ఊపిరి పీల్చుకున్న సగం ఇటు వస్తుంది. ఈ ఏర్పాటంతా గుర్రాలను బతికించడానికే.

సలాదీన్ కొలువులో సైనిక ఖాజీగా ఉన్న బహావుద్దీన్ ఈ నడకను కళ్లారా చూశాడు. ఫ్రాంకు సైనికుల ఒంటి మీద దళసరి ఉన్నితో చేసిన చొక్కా, దాని కింద వలకవచం. ఒక్కో మనిషి వీపు మీద ఒకటి నుంచి పది దాకా బాణాలు గుచ్చుకుని ఉన్నాయట. అలాగే వరుస తప్పకుండా మామూలు నడక నడుస్తున్నారట. శత్రువైనా వాళ్ల ఓర్పును మెచ్చుకోకుండా ఉండలేకపోయాడు.

తెల్లవారుజామున నడక, ఎండ ముదరకముందే విడిది. ఒకటి రెండు రోజులు నడిస్తే ఒక రోజు విశ్రాంతి. చచ్చిన గుర్రాల మాంసం కోసం సైనికులు కొట్టుకుంటుంటే, చచ్చిన గుర్రాన్ని తన మనుషులకు తిండిగా ఇచ్చినవాడికి బతికిన గుర్రం నేనిస్తానని రిచర్డ్ చాటించాడు. గొడవ ఆగింది. ఏకర్ నుంచి ఆడవాళ్లెవరినీ వెంట రానివ్వలేదు, బట్టలుతికే ముసలమ్మలను తప్ప. బట్టలుతకడం, తలలు కడగడం, పేలు తీయడం వాళ్ల పని. ఏకర్ విడిదిలో రోగాలకు ఎందరు పోయారో చూసినవాడు వేసిన లెక్క అది. వీరగాథల్లో ఈ ముసలమ్మలకు చోటు దక్కలేదు. నాకైతే అర్సూఫ్ దాకా దండును బతికించి తెచ్చినవాళ్లలో వాళ్లూ ఉన్నారు.

సెప్టెంబరు 7న అర్సూఫ్ దగ్గర సలాదీన్ గట్టిగా విరుచుకుపడ్డాడు. వెనక పటాలం టెంప్లర్ల లాంటి మరో సన్యాసి యోధుల సంఘం, హాస్పిటలర్లది. గుర్రాలు ఒక్కటొక్కటే కూలిపోతుంటే వాళ్ల అధిపతి గార్నియే స్వయంగా వచ్చి, దాడికి అనుమతివ్వమని అడిగాడు. ఇంకా ఆగండి అన్నాడు రిచర్డ్. నైట్ల దాడి ఒక్కసారే పేలే మందుపాతర లాంటిది. శత్రువు దగ్గరగా, అలిసిపోయి, కిక్కిరిసి ఉన్నప్పుడు వదిలితేనే పని చేస్తుంది. ముందే వదిలితే అవతలి తేలిక రౌతులు చెదిరిపోతారు, ఇవతలి బరువు గుర్రాలు ఒగర్చుకుంటూ మైదానం మధ్య నిలబడిపోతాయి, అప్పుడు తిరిగొచ్చి చుట్టుముడతారు. చివరికి ఇద్దరు నైట్లు ఓపిక పట్టలేక ఈటెలు దించి దూకేశారు, వాళ్ల వెనక మిగతావాళ్లు. రిచర్డ్ క్షణం ఆలస్యం చేయకుండా మిగతా పటాలాలనూ వదిలాడు. అంతకన్నా ముఖ్యంగా, తరుముకుంటూ పోతున్నవాళ్లను ఆపి మళ్లీ వరుస కట్టించాడు.

అర్సూఫ్‌ను గొప్ప విజయమంటారు. కాని రెండు మూడు రోజుల్లోనే సలాదీన్ రౌతులు మళ్లీ దండు చుట్టూ తిరుగుతున్నారు. అసలు విజయం సెప్టెంబరు 10న దండు మొత్తంగా జాఫా చేరడం. అక్కడ రేవు ఉంది, రేవుకి ఓడలొస్తాయి.

ఈ లెక్క సలాదీన్‌కీ తెలుసు. జాఫా పోగానే ఆయన తన సొంత అస్కలోన్ కోటను తానే కూలగొట్టించాడు. ఈజిప్టు దారిలో అది రిచర్డ్ చేతికి దుర్గంగా దక్కకూడదు, జెరూసలేం, అస్కలోన్ రెండింటినీ కాచుకునేంత సైన్యం తన దగ్గర లేదు. ఒక్క రాయి తీయడం కన్నా నా కొడుకులందరినీ పోగొట్టుకోవడం నాకు సులువని బహావుద్దీన్‌తో అన్నాడు, అని కూడా కూలగొట్టాడు. దీన్ని పిరికితనమని ఎవరూ అనరు, అనకూడదు కూడా. అదే న్యాయం రిచర్డ్‌కి ఎందుకు దక్కదు?

బైత్ నూబాలో రెండు మండళ్లు

జాఫా నుంచి జెరూసలేంకి దారి వెంట 60 కిలోమీటర్ల పైమాట. ముందు రామ్లా మైదానం, తర్వాత చీలికలు చీలికలైన సున్నపురాతి కొండలు, పైన దాదాపు 750 మీటర్ల ఎత్తున నగరం. ఇక్కడికి ఓడ రాదు. రామ్లా, లిద్దా కోటలను సలాదీన్ ముందే పడగొట్టించాడు. రిచర్డ్ శరదృతువంతా దారిలో చిన్న కోటలు తిరిగి కట్టిస్తూ అంగుళం అంగుళం జరిగాడు. జెరూసలేంకి 20 కిలోమీటర్ల దూరంలోని బైత్ నూబా చేరేసరికి చలికాలం. వాన, వడగళ్లు, గాలికి చిరిగిన గుడారాలు. బిస్కట్లు నాని పాడయ్యాయి, ఉప్పువేసిన పంది మాంసం కుళ్లింది, వలకవచాలు తుప్పుపట్టాయి, బరువులు మోసే జంతువులు చచ్చాయి. అయినా సైనికులు సంతోషంగా ఉన్నారు. జాఫాలో జబ్బుపడ్డవాళ్లు కూడా డోలీల్లో మోయించుకుని వచ్చి చేరారు, నగరం చూసి చనిపోదామని. అలాంటి మనుషులతో వెనక్కి పదండి అని చెప్పడానికి ఎంత గుండె కావాలో ఒక్కసారి ఊహించండి.

చెప్పమని సలహా ఇచ్చింది ఇంగ్లండువాళ్లు కాదు. టెంప్లర్లు, హాస్పిటలర్లు, అక్కడే పుట్టి పెరిగిన ఫ్రాంకులు, అంటే ఆ నేల ఎరిగినవాళ్లు. మనం గోడల చుట్టూ కూర్చుంటే సలాదీన్ బయటి నుంచి మన చుట్టూ కూర్చుంటాడు, జాఫా దారి తెంచుతాడు. ఒకవేళ నగరం పడిందే అనుకుందాం, మొక్కు తీరిన యాత్రికులందరూ ఓడలెక్కి ఇళ్లకు పోతారు, అప్పుడు దాన్ని కాచేదెవరు? ఇది వాళ్ల ప్రశ్న. దీనికి జవాబు అప్పుడూ లేదు, ఇప్పుడూ ఎవరూ చెప్పలేదు.

జూన్‌లో రెండోసారి. ఈసారి వాన లేదు, నీళ్లూ లేవు. సలాదీన్ జెరూసలేం చుట్టుపక్కల బావులు, తొట్లు, ఊటలు పూడ్పించాడు, పాడుచేయించాడు. అక్కడ నేలంతా కటికరాయి, కొత్త బావి తవ్వడం అయ్యేపని కాదని బహావుద్దీన్ రాశాడు. ఈసారి వాదన ఎలా జరిగిందో వేగుల ద్వారా సలాదీన్ విడిదికి చేరింది. జెరూసలేం కోసమే దేశం వదిలి వచ్చాం, అది లేకుండా పోము అన్నారు ఫ్రెంచివాళ్లు. నీళ్లెక్కడ తాగుదాం అన్నాడు రిచర్డ్. తెకోవ వైపు వాగు ఉంది, ఒక ఫర్సఖ్ దూరం అన్నారు, అంటే 5, 6 కిలోమీటర్లు. ఎలా తాగిద్దాం? దండును రెండు భాగాలు చేద్దాం, ఒకటి గుర్రాలను నీళ్లకు తోలుకెళ్తుంది, ఒకటి నగరాన్ని కాస్తుంది. అప్పుడు రిచర్డ్ అన్నాడు: ఒక సగం నీళ్లకు వెళ్లగానే నగరంలోని సైన్యం బయటికి వచ్చి రెండో సగాన్ని తుడిచిపెడుతుంది, క్రైస్తవం పని అయిపోతుంది. మాట తెగక 300 మంది పెద్దలకు అప్పగించారు, వాళ్లు 12 మందికి, ఆ 12 మంది ముగ్గురికి. ఆ ముగ్గురు ఏం చెబితే అది.

వాగు వద్దు, నీళ్లు మోసుకుందాం అంటారా? ఉజ్జాయింపుగా లెక్క వేద్దాం. దండు 10,000 మంది, గుర్రాలు, కంచరగాడిదలు కలిపి 3,000 అనుకుందాం. జూన్ ఎండలో పనిచేసే మనిషికి రోజుకి 5 లీటర్లు తక్కువలో తక్కువ, గుర్రానికి 30. మొత్తం 1,40,000 లీటర్లు. ఒంటె మోసేది తోలు తిత్తుల్లో 150 లీటర్లు అనుకుంటే రోజూ 930 ఒంటెలు నీళ్లతో చేరాలి, ఖాళీ తిత్తులతో తిరిగి పోవాలి. ఇది నీళ్లు మాత్రమే. గుర్రానికి నాలుగైదు కిలోల గింజ, మనుషులకు రొట్టె, రాళ్లు విసిరే యంత్రాలకు కలప వేరే. ఈ వరుస నడిచే దారి పొడవునా కాపలా. జూన్ 17న జాఫా నుంచి బైత్ నూబాకి వస్తున్న రసదు బిడారు మీద రామ్లా దగ్గరే దాడి జరిగింది. అది ఇంకా చదును నేల. కొండ ఎక్కితే ఏమవుతుంది?

యంత్రాల సంగతికి వస్తే, అంతకు నెల ముందే దారూమ్ కోటను రిచర్డ్ నాలుగైదు రోజుల్లో పట్టాడు. విడగొట్టిన యంత్రాలు ఓడలో వచ్చాయి. ఒడ్డు నుంచి మైలు దూరం రాజు, దొరలు కూడా భుజాల మీద మోశారు. సముద్రానికి మైలు దూరంలో ఉన్న కోటకూ కొండల మీద 60 కిలోమీటర్ల లోపలున్న నగరానికీ తేడా అది.

1099 సంగతేమిటి మరి?

నా వాదనకు అతి బలమైన ఎదురుమాట ఇది. తేలిగ్గా తీసిపారేసేది కాదు. మొదటి క్రూసేడ్‌వాళ్లు 1099 జూన్ 7న ఇదే నగరం ముందు దిగారు. అప్పుడూ బావులు పూడ్చి ఉన్నాయి. మైళ్ల దూరం నుంచి పశువుల తోళ్లలో నీళ్లు మోసుకొచ్చుకున్నారు, మురికి నీటి కోసం కొట్టుకున్నారు. కలప లేదు. జూన్ 17న జాఫా చేరిన జెనోవా ఓడలను విప్పి ఆ దూలాలు, మేకులు కొండ మీదికి మోశారు. జులై 15న నగరంలోకి దూకారు. ఐదు వారాలు. వాళ్లకు సాధ్యమైనది రిచర్డ్‌కి ఎందుకు కాదు?

తేడా బయట ఉంది. 1099లో ఆ ఐదు వారాలూ మైదానంలో మరో సైన్యం లేదు. అప్పట్లో ఈజిప్టును ఏలిన ఫాతిమీల వజీరు సైన్యం కైరో నుంచి అస్కలోన్ చేరేసరికి ఆగస్టు, అప్పటికే నగరం పడిపోయింది. దాహం వాళ్లను చంపుతోంది కాని నీళ్లకు వెళ్లినవాళ్ల వెంట పెద్ద దండు పడలేదు. 1192లో సలాదీన్ నగరంలోనే ఉన్నాడు, ఆయన రౌతులు కొండ నిండా ఉన్నారు. చలికాలమంతా గోడలు ఎత్తు పెంచారు, సలాదీన్ స్వయంగా జీను మీద రాళ్లు మోశాడు. 1099లో గెలిచాక కూడా ఏం జరిగింది? యాత్రికులు ఇళ్లకు పోయారు, 300కు మించని నైట్లు మిగిలారు. శత్రువులు తమలో తాము కొట్టుకుంటున్నారు కాబట్టి ఆ రాజ్యం బతికింది. సిరియా, ఈజిప్టు రెండూ ఒకే చేతిలో ఉన్న 1192లో అది బతకదు.

తర్వాతి చరిత్ర చూసినా అంతే. 1229లో జర్మనీ చక్రవర్తి ఫ్రెడరిక్ ఈజిప్టు సుల్తాన్ కామిల్‌తో సంధి రాసుకుని జెరూసలేంని కత్తి దూయకుండా పొందాడు. 1244లో మధ్య ఆసియాకు చెందిన ఖ్వారజ్మీ రౌతులు వచ్చి లాక్కున్నారు. కాని రిచర్డ్ వదిలి వెళ్లిన కోస్తా పట్టీ, టైర్ నుంచి జాఫా దాకా, మూలరాయిగా నిలిచి ఆ రాజ్యం 1291లో ఏకర్ పడేదాకా దాదాపు వందేళ్లు బతికింది.

ఒప్పుకోవలసినవి

లెక్క తెలిసినవాడని మెచ్చుకుంటూ 1191 ఆగస్టు 20ని దాచకూడదు. ఏకర్ లొంగుబాటు షరతుల్లోని సొమ్ము, బందీలు గడువుకు అందలేదని రిచర్డ్ సుమారు 2,700 మంది బందీలను పట్నం బయట నరికించాడు. అదీ లెక్కే: దక్షిణానికి కదలాలి, అంతమందికి తిండి పెట్టలేడు, కాపలా పెట్టలేడు, వదిలితే మళ్లీ ఎదురుగా నిలబడతారు. ఆయనను సమర్థించేవాళ్లు ఇదే చెబుతారు. ఈ సమర్థనను నేను ఒప్పుకోను. మాట ఇచ్చి లొంగదీసుకున్న మనుషులు వాళ్లు. బార్లీ బస్తాలను, తోలు తిత్తులను లెక్కపెట్టిన బుర్రే వాళ్లనూ అలాగే లెక్కపెట్టింది. నేను మెచ్చుకునే గుణమూ, నాకు అసహ్యం కలిగించే పనీ ఒకే మనిషిలో ఒకే చోటి నుంచి వచ్చాయి. ఆ రెండింటినీ విడదీసి చూడటం నాకు చేతకాలేదు.

రెండో తప్పు జూన్‌లో మళ్లీ వెళ్లడం. జనవరిలో తేలిన లెక్క జూన్‌కి మారదని ఆయనకు తెలుసు. నేను తోడు వస్తాను కాని నాయకత్వం వహించను, దండును నాశనం చేశాడన్న నింద మోయను అని మండలిలో అన్నాడు కూడా. అయినా సైనికుల ఒత్తిడికి లొంగి బయలుదేరి, మూడు వారాల పైన బైత్ నూబాలో కూర్చుని, ఈజిప్టు నుంచి వస్తున్న పెద్ద బిడారును కొట్టి వేల ఒంటెలు తెచ్చి, వాళ్ల ఆశను ఆకాశానికి పెంచి, అప్పుడు తిరిగాడు. ఒంటెలు దొరికాయిగా, ఇక నీళ్లు మోయొచ్చుగా అన్నారు అప్పుడే కొందరు. ఒంటె కూడా తింటుంది, తాగుతుంది, దానికీ కాపలా కావాలి. కాని ఆ మాట చెప్పాల్సింది బయలుదేరక ముందు. ఫ్రెంచివాళ్ల నాయకుడైన బర్గండీ దొర హ్యూ రిచర్డ్‌ని వెక్కిరిస్తూ పాట కట్టించాడు, రిచర్డ్ బదులు పాట కట్టాడు. దండు ఐక్యత అక్కడితో సరి.

ఇంకొకటి మిగిలింది. నన్ను నిజంగా ఇబ్బంది పెట్టేది ఇదే. అదే వారంలో జెరూసలేం లోపల ఏం జరుగుతోందో రిచర్డ్‌కి తెలియదు. సలాదీన్ సేనానులైన అమీర్లు లోపల ఉండి ముట్టడి తట్టుకోవడానికి ఇష్టపడలేదు. ఏకర్‌లో చిక్కుకున్నవాళ్లకు పట్టిన గతే మనకూ పడుతుంది, బయటికి వెళ్లి మైదానంలో పోరాడదాం అన్నారు. మేము లోపల ఉండాలంటే నువ్వుగాని నీ ఇంటివాళ్లలో ఒకరుగాని మాతో ఉండాలి, లేకపోతే కుర్దులు తుర్కుల మాట వినరు, తుర్కులు కుర్దుల మాట వినరు అని సలాదీన్‌కి రాసి పంపారు. అంటే రిచర్డ్ కొండ ఎక్కి ఉంటే నగరం ఖాళీ అయ్యేదా? అయ్యి ఉండొచ్చు. కాని నగరం ఖాళీ చేసి బయటికి వచ్చే ఆ సైన్యం ఎక్కడికి వెళ్తుంది? వాళ్లు కోరుకున్నదే మైదానం. నీళ్లు లేని కొండ మీద రిచర్డ్, కింద జాఫా దారిలో సలాదీన్. గై తూరాన్ దాటాక వెనక మూసుకున్న తలుపు మళ్లీ మూసుకునేది.

ఆ రాత్రి సలాదీన్ నిద్రపోలేదు. తెల్లవార్లూ పక్కనే ఉన్న బహావుద్దీన్, మనుషుల వల్ల అయ్యేది అయిపోయింది, ఇక రహస్యంగా దానం చేసి దేవుణ్ణి వేడుకో అని సలహా ఇచ్చాడు. జులై 3 శుక్రవారం, అల్ అక్సా మసీదులో నమాజు వేళ సుల్తాను సాష్టాంగపడినప్పుడు కన్నీళ్లు చాప మీద రాలడం ఆయన చూశాడు. ఆ సాయంత్రం ముందు కాపలాలో ఉన్న జుర్దీక్ నుంచి కబురొచ్చింది: ఫ్రాంకులు అందరూ గుర్రాలెక్కి మైదానంలో నిలబడ్డారు, కాసేపటికి మళ్లీ గుడారాలకు పోయారు. మర్నాడు పొద్దున ఇంకో కబురు: వాళ్లలో వాళ్లు వాదించుకున్నారు, గుడారాలు పీకుతున్నారు. దండు రామ్లా వైపు దిగింది. హత్తీన్ కొండ మీద గై గుడారం కూలి ఆ రోజుకి సరిగ్గా ఐదేళ్లు.